మాలకొండయ్యకి పొడిగించిన పాట

కందుకూరు ఇంకా ప్రకాశంలో ఉన్నప్పటి మాట.
పామూరు రోడ్డులో
కుట్టుమిషన్ల రిపేరుకీ ఎరువుల కొట్టుకీ నడుమ
మనిషి అడ్డంగా నిలబడితే నిండిపోయే జాగా
నా రికార్డింగ్ సెంటరు.
రెండు డెక్కులు, ఒక ప్లేయరు, బ్లేడు, సెలోటేపు,
టేపు చుట్టడానికి పెన్సిలు.
పాటకి అర్ధరూపాయి.

ఓడలో వంటచేసే కరేడు మస్తాను
మద్రాసు హార్బరులో దిగి వస్తా వస్తా
అన్నం పళ్ళెమంత రికార్డు తెచ్చాడు.
అంత పళ్ళేనికీ పక్కకి ఒకటే పాట!
"మోసపోయావబ్బయ్యా" అన్నాను.
ముప్పై మూడు మీద తిప్పితే దున్నపోతు మూలిగింది.
నలభై ఐదుకి మార్చాను.

మూడు నిమిషాల దాకా ఎవరూ నోరు తెరవలేదు.
ఒకటే దెబ్బ. ఒకటే దెబ్బ.
దాని మీద
గాజుగ్లాసులో చెంచా తిప్పుతున్నట్టు ఇంకేదో.
గాళ్ళు ఎడంగా ఉన్నాయి కాబట్టి
దెబ్బ లోతుకి దిగి కొట్టు తడికె అదిరింది.
ఇదే పాట నా దగ్గర పొట్టిది ఉంది, మూడున్నర నిమిషాలది.
దాన్నే ఇక్కడ విప్పి, ఉతికి,
గొంతొక దండెం మీద దరువొక దండెం మీద
ఎవరో ఆరేసి పోయారు.

"ఇంతకీ పాటెప్పుడొస్తుంది?"
అడిగినోళ్ళందరూ అడిగి వెళ్ళిపోయారు.

నిలబడ్డది మాలకొండయ్య ఒక్కడు.
పొగాకు బ్యారన్‌కి రాత్రి కాపలా.
నిప్పు రాజేస్తే అయిదు రోజులు కన్ను మూయకూడదు,
వేడి ఎక్కువైతే ఆకు నల్లబడుద్ది
తగ్గితే పచ్చిగానే చచ్చిపోద్ది.
"నాకు పాటొద్దబ్బయ్యా. పాటైతే అయిపోద్ది.
అయిపోయినాక ఆ నిశ్శబ్దంలోనే
కునుకు పట్టుద్ది.
అయిపోకుండా ఉండేది కావాల."

ఆ రాత్రి షట్టరు దించి కూర్చున్నాను.
ఒక డెక్కులో మోత, రెండోదాంట్లో ఖాళీ టేపు,
పాజ్ మీట మీద బొటనవేలు.
గొంతు రాబోయే ముందు ఆపడం,
వెనక్కి తిప్పడం,
మళ్ళీ ఆ నిమిషంన్నరే.
అతుకు అతుక్కీ చిన్న టక్.
ఇరవైరెండో అతుకు కాడ బెల్టు జారి
దరువు చూలిగేదె లేచినట్టు బరువుగా మూలిగి
నిలదొక్కుకుంది.
చెరిపే ఓపిక లేదు. ఉంచేశాను.
ముప్పై అతుకుల తర్వాత, పక్క చివర్న
గొంతుని వదిలాను.

మాచవరం దాటాక బ్యారన్ ఎర్రగా కనపడింది.
సైకిలు దిగేసరికి కట్టెలు ఎగదోస్తా యేసోబు,
పెళ్ళిళ్ళ కాలంలో డప్పు, మిగతా కాలం ఇది,
తల వంచి వింటన్నాడు.
"ఎవడీడు, చెయ్యి మార్చడా?"
"మనిషి కాదన్నా. మిషను."
కొంచెంసేపు పొయ్యిలోకి చూశాడు.
"ఊరేగింపులో పెళ్ళికొడుకు ఉంగరం మర్చిపోయి
ఎవరినో వెనక్కి తోలతారు చూడు,
సందు మలుపులో అప్పుడు మేం కొట్టేదిదే.
ముందుకి పోదు, వెనక్కి రాదు,
కాళ్ళు మాత్రం ఆగకూడదు."
బెల్టు జారిన చోటు వచ్చింది.
యేసోబు ఒక్కసారి నవ్వాడు:
"ఇదుగో, ఈడ మనిషున్నాడు."

మాలకొండయ్య అద్దంలోంచి డిగ్రీలు చూసొచ్చాడు.
రంగు తిరిగింది, ఈనె ఎండాలి.
టేపు తిప్పాం. మళ్ళీ తిప్పాం.
నాకు నిద్రపట్టింది. వాళ్ళకి పట్టలేదు.

మెలకువొచ్చేసరికి తలుపులు తీసి
ఆడవాళ్ళు కర్రలు దించుతున్నారు.
ఆకు నిమ్మపండై వేలాడుతోంది.
ఒక దెబ్బకి ఒక కర్ర, ఒక దెబ్బకి ఒక కర్ర,
చేతినించి చేతికి.
ఎవరూ అనుకుని చేస్తన్నట్టు లేదు.

అప్పుడొచ్చింది గొంతు.
సన్నగా, ఏదో దేశపుది, ఒక్క ముక్కా తెలీదు.
అందరూ ఆగారు.
సింగారమ్మ కర్ర భుజాన ఆనించుకుని
టేపురికార్డరు వంక చూసింది:
"పాపం, ఇందాకట్నించీ
యాడున్నాడో."